నెలిదా తీయని పైకప్పు

చిలీ దేశపు చిలోయె దీవుల్లో కెత్రూ చాలా చిన్న దీవి. అక్కడి చెక్క చర్చి గురించి నెలిదా నాలుగేళ్లపాటు సినిమా తీసింది. పెద్ద దీవిలో సాల్మన్ చేపలు కోసే షెడ్డులో ఆమెకు పని. సెలవు దొరికితే చాలు, పాత కెమెరా సంచిలో పెట్టుకుని పడవెక్కేది.

ఎక్కువగా మొహాలు తీసింది. శిలువ మోసే యేసు విగ్రహాన్ని భుజాన ఎత్తుకున్న ఆడవాళ్లనీ, ఏడాదికోసారి వచ్చే పాదిరీ కోసం ఆగకుండా తామే ప్రార్థన నడిపే ముసలివాళ్లనీ తీసింది.

ఊళ్లో అందరూ గౌరవంగా 'దోన్' అని పిలిచే ముసలి వడ్రంగి అర్తెమియోకి అది నచ్చేది కాదు. ఆ చర్చి కట్టింది ఆయన తాత.

"మొహాలదేముందే పిల్లా, పెళ్లిళ్లలోనూ తీస్తారు. నిచ్చెనెక్కి ఆ దూలాల అతుకులు తియ్యి. ఒక్క ఇనప మేకు లేదక్కడ, అన్నీ చెక్క చీలలే!"

"పైనంతా చీకటండీ. దీపాలు కావాలి. ఎండాకాలం రానివ్వండి, తీస్తాను."

"కెత్రూలో ఎండాకాలమా? చూశావా ఎప్పుడైనా?"

మార్చిలో, అందరూ బంగాళాదుంపలు తవ్వుతుండగా, ఏ ఇంటి పొగగొట్టంలోంచో నిప్పురవ్వ ఎగిరి చర్చి మీద పడింది. గాలి జోరుగా ఉంది. జనం పొలాల నుంచి పరిగెత్తుకొచ్చి విగ్రహాన్ని మాత్రం బయటికి తేగలిగారు. మర్నాడు నెలిదా పడవ దిగేసరికి పునాది రాళ్లూ బూడిదా మిగిలాయి. ఆమె కెమెరా బయటికి తీయలేదు.

మళ్లీ కట్టాలంటే కప్పు ఎలా నిలిచిందో తెలియాలి. గీసిన పటం ఏదీ లేదు.

"మన నెలిదా దగ్గర అంతా ఉందిగా!" అన్నారు ఊళ్లోవాళ్లు.

బళ్లో దుప్పటి కట్టి, మూడు ఆదివారాలు ఆమె తీసిందంతా చూశారు. చనిపోయినవాళ్లు తెరమీద కనబడితే ఏడ్చారు. అర్తెమియో కాగితం, పెన్సిలుతో ముందు వరసలో కూర్చున్నాడు. కెమెరా కాస్త పైకి లేచినప్పుడల్లా తెరంతా నలుపు.

"ఎత్తవే! ఇంకాస్త పైకెత్తు!" అని అరిచాడు, ఇప్పుడైనా ఎత్తగలదన్నట్టు.

చివరికి కాగితం మీదికి రెండు అతుకులే వచ్చాయి.

"నన్ను తిట్టండి," అంది నెలిదా.

"నిన్నెందుకే తిట్టడం? యాభై ఏళ్లు ఆ కప్పెక్కి దిగాను. ఒక్క గీతైనా గీసుకున్నానా నేను?"

మర్నాటి నుంచే గుర్తున్నంతవరకు చిన్న చిన్న చెక్కలు చెక్కడం మొదలుపెట్టాడు. నెలిదా షెడ్డు పని మానేసి, చలికాలమంతా చెక్కే ఆయన చేతుల్ని తీసింది. పదకొండు అతుకులయ్యాయి. కప్పు నడినెత్తిన దూలాలన్నీ కలిసే అతుకు మాత్రం ఆయనకెంతకీ గుర్తు రాలేదు. అక్కడ చలికాలం ముగిసే ఆగస్టులో ఊపిరితిత్తుల జబ్బుతో పోయాడు.

పక్క దీవి వడ్రంగులు వచ్చి ఆ పదకొండూ తిప్పి తిప్పి చూశారు. నడిమిది లేకుండా బరువు నిలవదని చెప్పి వెళ్లిపోయారు. ఊరివాళ్లు రేకుల షెడ్డు వేసి విగ్రహాన్ని అందులో ఉంచారు.

ఏటా విగ్రహాన్ని ఊరేగించే పండుగనాడు నెలిదా ఆ షెడ్డులో సినిమా వేస్తుంది. ముసలమ్మలు పోయినవాళ్లను పేరుపేరునా పిలుచుకుంటారు.

"ఎంత బాగా తీశావే తల్లీ," అంటారు వెళ్తూ.

ఆమె తల వంచుకుని తెర మడతపెడుతుంది.