ఇప్పనూనె సీసా

ఆమె ముఖం గుర్తులేదు. చేసిన దౌర్జన్యం మాత్రం గుర్తుంది.

రెండువేల ఆరు ఎండాకాలం. కడుపు ఆపరేషనై ఇంటికొచ్చిన మా ఆయనకు ఎడమ పిక్క ఉబ్బి ఎర్రబడితే, భద్రాచలంలో ఖమ్మం బస్సెక్కాం. పాల్వంచ దాటాక ఆయన మూలుగు వినలేక కాలు ఒళ్లో పెట్టుకుని, అరచేతిలో ఇప్పనూనె పోసుకున్నాను. పక్కన నిలబడ్డ ఒకావిడ సీసా లాక్కుని కిటికీలోంచి విసిరేసింది.

“నీకేమన్న పిచ్చి లేసిందా?” అని అరిచాను. బస్సంతా నావైపే మాట్లాడింది. కండక్టరు ఆమెను దిగిపొమ్మన్నాడు.

ఆమె నా మణికట్టు పట్టుకుని వదల్లేదు. “ఎంతన్న తిట్టు. ఆ కాలు మాత్రం పిసకకు. మా ఇంటాయనకు ఆపరేషన్ అయినంక గిట్లనే పిక్క ఉబ్బింది. లోపల నెత్తురు గడ్డకట్టిందని నాకేం ఎరుక? నేనే పిసికిన. ఆ గడ్డ కదిలి ఊపిరితిత్తులకు వోయిందట. పాణం నా చేతులల్లనే పోయింది.”

“మాకు అపశకునం పలకకు,” అని చెయ్యి విదిలించుకున్నాను. ఆమె రెండు చేతులూ కొంగులో దాచుకుని కొత్తగూడెంలో దిగిపోయింది. తర్వాత కాలు పిసకడానికి నాకు చెయ్యి రాలేదు.

ఖమ్మంలో డాక్టరు పిక్క చూస్తూనే ముఖం మార్చాడు. “కాలేమన్నా పిసికారా?”

లేదన్నాను. అరచేతికి నూనె జిడ్డు ఇంకా అలాగే ఉంది.