వాన రావద్దని కోరుకున్న వారం

మృగశిర కార్తె దాటుతున్నా వాన పడకపోతే మా ఊళ్లో ఇంటింటికీ తిరిగి రాగిపిండి అడిగి, రచ్చబండ దగ్గర పెద్ద డేగిసాలో, వాన రావాలని మొక్కుకుంటూ, వానగంజి కాసేవాళ్లు. పిండి అడిగే గుంపుకు ఏటా ముందు నడిచేది మా నాయన. ఆ ఏడు మాత్రం పిండి పోశాడు గాని గుంపు వెంట వెళ్లలేదు. మా ట్రాక్టరు మండల రెవెన్యూ ఆఫీసు ఆవరణలో ఉంది మరి.

ఇంటి గోడల పూతకని మా చేను పక్క వంకలోంచి ఒక్క ట్రాలీ ఇసుక తోలుకొస్తుంటే ఎమ్మార్వో జీపు అడ్డమొచ్చింది. అనుమతి కాగితం లేని మాట నిజమే. ఊళ్లో ఎవరి దగ్గరా ఉండేది కాదు. ఇసుక తీస్తే భూగర్భజలాలు అడుగంటిపోతాయని ఎమ్మార్వో కోప్పడ్డాడు. ఆ వంకలో నీళ్లు పారడం నేను పుట్టాక రెండుసార్లే చూశాను. ఆ మాటే అనబోతే నాయన నా చెయ్యి నొక్కాడు.

ఎద్దులను అంతకుముందు కరువులో మేత లేక అమ్మేశాం. విత్తాలంటే ట్రాక్టరే దిక్కు. మా ఎర్రనేలలో వాన పడ్డాక పదును మూడు నాలుగు రోజులే నిలుస్తుంది. ఆలోగా వేరుశనగ విత్తకపోతే ఆ ఏటికి సేద్యం లేనట్టే.

డిగ్రీ చదివాను కాబట్టి అర్జీ రాసే పని నాకు పడింది. మొదటి అర్జీలో న్యాయం గురించి రెండు పేజీలు రాశాను. గుమాస్తా చదివి, న్యాయం తీసేసి నాలుగు వరుసల్లో దయ అడగమన్నాడు. అలాగే అడిగాను. ఈసారి ఎమ్మార్వో లేడు, అనంతపురంలో కరువు మీటింగుకు పోయాడు. మరుసటి రోజూ కరువు మీటింగే. కరువు మీద అంత శ్రద్ధ ఉన్న మనిషిని ఏమనగలం?

ఆ సాయంత్రం మబ్బు కమ్మింది. నాయన అరుగు మీద కూర్చుని, పక్కింటివాళ్లు వింటారేమోనని గొంతు తగ్గించాడు.

"ఇంగ రెండు దినాలు ఆగి పడితే బాగుండప్పా."

వాన వద్దన్న రైతును మా ఇంట్లోనే చూడాల్సి వచ్చింది. నాకు సిగ్గేసింది. కానీ లోపల నేనూ అదే మొక్కుకుంటున్నాను. పొద్దు గుంకేలోపే వాన దంచి కొట్టింది. ఊరంతా వీధుల్లోకి వచ్చి తడిసింది. మేమిద్దరం తలుపు దగ్గర నిలబడి చూశాం.

తెల్లారి వెళ్తే ఎమ్మార్వో ఆఫీసు వరండాలో సంతోషంగా ఉన్నాడు. మంచి వాన, ఇక మీకు పండగేనని నాయనతో అన్నాడు. మా ట్రాలీ ఖాళీగా ఉంది. ఆఫీసు వాకిలి బురద కాకుండా మా ఇసుకను అక్కడ పరిచారు. దాని మీద నడిచి వెళ్లి బతిమాలాం. ఫైలు పై ఆఫీసుకు పోయిందట, సంతకమై రావాలట. బాడుగకు ట్రాక్టరు వెతికితే ఎవరి చేలో వాళ్లు ఉన్నారు.

వాన పడిన ఆరో రోజు వదిలారు. నాయన ట్రాక్టరును ఇంటికి కాకుండా నేరుగా చేలోకి తోలాడు. దిగి గుప్పెడు మట్టి తీసి పిండాడు. ముద్ద కాలేదు, వేళ్ల సందుల్లోంచి పొడిపొడిగా జారిపోయింది. చాలాసేపు ఆయన గుప్పిట విప్పనే లేదు.

ఆ తర్వాత ఆ ఏడు మళ్లీ వాన లేదు. విత్తినవాళ్ల పైర్లూ ఎండిపోయాయి. కొన్ని నెలలకు అదే ఎమ్మార్వో పంట నష్టం రాసుకోవడానికి ఊరికి వచ్చి మా అరుగు మీద కూర్చున్నాడు. మమ్మల్ని గుర్తుపట్టినట్టు లేదు. ఇంటికొచ్చిన మనిషికి ఏదో ఒకటి పెట్టాలి కదా అని అమ్మ వేయించిన వేరుశనగ గింజలూ బెల్లంముక్కా పళ్లెంలో తెచ్చింది. ఆయన తింటూ రిజిస్టరు తిప్పుతూ మా చేను దగ్గర ఆగాడు. విత్తినవాళ్లకే నష్టం రాస్తామన్నాడు.

"అందరూ ఇత్తినారు గదప్పా, నువ్వెందుకు ఇత్తలేదు?"

నాయన నా వైపు చూశాడు. నేను నోరు తెరిచేలోపే ఎమ్మార్వో ఇంకో గుప్పెడు గింజలు తీసుకుని, లావుగా, భలే ఉన్నాయే, యాడ కొన్నారని అడిగాడు.

"కొన్లేదు సార్," అన్నాడు నాయన. "ఇత్తనానికని పెట్టుకోనుంటిమి."

ఆయన నమలడం ఆపలేదు. మా చేను ఎదురుగా బీడు అని రాసుకున్నాడు.