తల ఊపి చెప్పిన అవును

"నాన్నా, జపాన్ అంకుల్ పాస్డ్ అవే అట. న్యూస్‌లో చూశాను" అని పోయిన వారం మా అమ్మాయి ఫోన్ చేసి చెప్పింది. ఆయన లాస్ ఏంజెలెస్‌లో నేను పనిచేసిన స్టూడియోలో ఆరేళ్లపాటు రికార్డులు చేసిన జపాన్ సంగీత దర్శకుడు, మా ప్రొడ్యూసర్ గారు. తర్వాత పత్రికల్లోనూ చదివాను. యూరప్‌లో కచేరీలు, టోక్యోలో సినిమాలు, అన్నీ రాశారు. అమెరికాలో మాత్రం ఆయన ప్రయాణం మధ్యలో ఎందుకు ఆగిపోయిందో తెలియదని రాశారు. నాకు తెలుసు.

డెబ్బైల చివర్లో ఆయన మొదటిసారి వచ్చిన రోజు బూట్లు గుమ్మం దగ్గరే విడిచి మేజోళ్లతో లోపలికి వచ్చారు. అప్పటిదాకా అక్కడ అలా తిరిగేవాణ్ని నేనొక్కణ్నే, టేపు మెషిన్లు చూసుకునే ఇంజినీరుని. తన బూట్లతో పాటు నావి కూడా ముక్కులు బయటికి ఉండేలా తిప్పి పెట్టేవారు. "వెళ్లేటప్పుడు తేలిక, రావు-సాన్" అనేవారు. సాన్ అంటే మన 'గారు'. నాకంటే పదేళ్లు పెద్ద. నాకు సిగ్గేసేది.

పాట ముగియగానే నేను మెషిన్ ఆపబోతే చెయ్యి అడ్డం పెట్టేవారు. "ఆగండి. ఆ స్వరం ఇంకా గదిలోనే ఉంది."

మా ఇంటికి భోజనానికి వచ్చేవారు. నా భార్య "అన్నయ్యగారూ, ఇంకాస్త పులిహోర వెయ్యనా?" అని తెలుగులోనే అడిగేది. ఆయన "హై, హై" అనేవారు. అది అవును అనుకుని ఆవిడ వడ్డిస్తూనే ఉండేది, ఆయన మర్యాదకి తింటూనే ఉండేవారు. 'వింటున్నాను' అనడానికి కూడా హై అంటారని చాలా రోజులకి తెలిసింది. ఆ తికమకకి ముగ్గురం కడుపుబ్బ నవ్వుకున్నాం.

ఆయన రెండేళ్లు కష్టపడి చేసిన రికార్డు ఒకటుంది. అందులో పెద్ద పాట మధ్యలో వాద్యాలన్నీ ఆగిపోయి నాలుగు సెకన్లు ఏమీ వినిపించదు. రేడియోలో అలా ఖాళీ వస్తే పాట తీసేస్తారని రికార్డు కంపెనీ వాళ్లు అస్తమానం అంటుండేవారు. ఆయన ఊళ్లో లేరు. మేలు చేస్తున్నాననుకుని, ఎవరినీ అడక్కుండా, బ్లేడుతో ఆ ముక్క కోసి టేపు అతికించేశాను. రికార్డు అలాగే అచ్చయింది.

ఆయన వచ్చి విన్నారు. నా గదిలోకి వచ్చి తలుపు వేసి, "రావు-సాన్, ఇక్కడ మీరు కట్ చేశారా?" అని అడిగారు. నేను తల అటూ ఇటూ ఊపాను. మనవాళ్లెవరైనా అది అవునని గ్రహిస్తారు. ఆయన మాత్రం కాదన్నాననుకుని నిట్టూర్చి, "నాకు తెలుసు, మీరు చెయ్యరు" అన్నారు.

అప్పుడు ఒక్క మాట అంటే సరిపోయేది. నా గ్రీన్ కార్డ్ కాగితాలు స్టూడియో చేతిలో ఉన్నాయి. మెషిన్ వైపు తిరిగి టేపు చుట్టడం మొదలుపెట్టాను.

ఆయన కంపెనీతో గొడవ పెట్టుకున్నారు. తాము ముట్టుకోలేదని వాళ్లు ఎంత చెప్పినా నమ్మలేదు. కాంట్రాక్ట్ పోయింది, చేతికొచ్చిన సినిమా పోయింది. ఎనభైల మొదట్లో ఆయన టోక్యో వెళ్లిపోయారు. చివరి రోజు కూడా నా బూట్లు తిప్పి పెట్టే వెళ్లారు.

మూడు నాలుగేళ్లకి మద్రాసు నుంచి ఒక కార్డు వచ్చింది. అక్కడ వయొలిన్లు రికార్డ్ చేయడానికి వెళ్లారట. "ఇక్కడ అందరూ మీలాగే తల ఊపుతారు. మొదటి రోజంతా నేను చెప్పింది వీళ్లకి నచ్చలేదనుకున్నాను. రావు-సాన్, అయితే ఆ రోజు మీరు అవునన్నారా?" అని రాశారు. కోపంగా ఒక్క మాట లేదు. కింద టోక్యో అడ్రస్ గుండ్రటి అక్షరాల్లో ఉంది.

"ఎలాగూ నోటితో చెప్పరు. చేత్తో రాసైనా చెప్పండి" అంది నా భార్య. అప్పటికి గ్రీన్ కార్డ్ వచ్చేసింది, సాకు కూడా లేదు. రెండుసార్లు మొదలుపెట్టి చించేశాను. మూడోసారి రాద్దామనుకుంటూనే ఇన్నేళ్లు గడిపేశాను. పిరికితనం, ఇంకేమీ కాదు.

మొన్న, ఇప్పుడు మేముంటున్న సన్నీవేల్‌లో, మా వంటింటి బల్ల దగ్గర, ఆ మద్రాసు కార్డు మళ్లీ బయటికి తీశాను. ప్రశ్న దాకా చదివాను. నా తల దానంతటదే అటూ ఇటూ ఊగింది.

నా భార్య పొయ్యి దగ్గర నిలబడి చూస్తోంది.