కిస్తు పైసా పెరగలేదు

"బిడ్డా, మీ చిన్నాయిన లేస్తలేడు. నువ్వొచ్చి లేపు."

పొద్దున్నే ఫోన్లో చిన్నమ్మ అన్న మాట ఇది. ఏడుపు లేదు. దుకాణం తెరిచే వేళ దాటుతోంది, మనిషి ఇంకా పడుకునే ఉన్నాడని విసుక్కునే గొంతు. నేను వెళ్లేసరికి ఆయన గోడవైపు తిరిగి ఉన్నాడు. తీసుకుపోకపోతే మనసు ఊరుకోదు కాబట్టి దవాఖానకు తీసుకుపోయాం. నిద్రలోనే గుండె ఆగిందని డాక్టరు చెప్పాడు. నొప్పి తెలియకుండా పోయాడు, అదృష్టవంతుడు అని వచ్చిన చుట్టాలందరూ అన్నారు. ఆ మాట విన్నప్పుడల్లా నాకు ఒళ్లు మండింది. చివరి రెండేళ్లు ఆయన ఏ నొప్పితో బతికాడో వాళ్లలో ఒక్కరికీ తెలియదు.

ఆయన మా బాపుకు సొంత తమ్ముడు. చిన్నకోడూరు దగ్గర మాది మగ్గాల ఇల్లు. మగ్గం కూడు పెట్టడం మానేశాక, మీసాలు కూడా సరిగా రాని వయసులో భివండి పోయి మరమగ్గాల మీద పనిచేశాడు. పెళ్లయ్యాక చిన్నమ్మనూ తీసుకుపోయాడు. వాళ్లకు పిల్లలు లేరు. అక్కడ ఉన్నది ఒకే గది. గది యజమాని గోడకు మేకు కొట్టనిచ్చేవాడు కాదట. చొక్కాలు తలుపు మీద వేసుకోవాలి, దేవుడి పటాన్ని బియ్యం డబ్బా మీద నిలబెట్టుకోవాలి. ఒకసారి చిన్నమ్మ ఏదో మాటకు పగలబడి నవ్వితే, కింది నుంచి కర్రతో తట్టారట. ఆ సంగతి చెప్పినప్పుడల్లా చివర్లో ఒక మాట అనేవాడు.

"కిరాయి ఇంట్ల నవ్వు సుత కిరాయిదే బిడ్డా."

సిద్దిపేటకు తిరిగొచ్చి, పాత బస్టాండు వైపు చిన్న గది తీసుకుని మిషను పెట్టాడు. జాకెట్లు, లంగాలు, బడి పిల్లల బట్టలు కుట్టేవాడు. కొలత తీసుకుంటే మళ్లీ విప్పే పని ఉండదని పేరు. దాంతోపాటు ఆ వరుసలోని దుకాణాల వాళ్లతో చిట్టీ నడిపేవాడు. ఇరవై మంది, ఇరవై నెలలు. నెలకొకరు పాడుకుంటారు. ఇరవయ్యో నెలలో అందరూ ఒకచోట కూర్చుని తింటారు, చిట్టీ అయిపోతుంది. వానలు పడకపోయినా, ధరలు మండిపోయినా, ఇరవై నెలల చిట్టీ ఇరవై ఒకటి కాదు. ఇంత సంగతి ఎందుకు చెబుతున్నానంటే, మా చిన్నాయినకు తెలిసిన అప్పు అదొక్కటే. ఆయన కొంప ముంచింది కూడా ఆ తెలివే.

ఇల్లు కట్టి చూడు, పెళ్లి చేసి చూడు అన్నారు పెద్దలు. ఆ పెద్దల కాలంలో ఇంటి లోను లేదు, ఉంటే మూడో మాట కూడా చేర్చి ఉండేవాళ్లు. జాగ కొనుక్కున్నాక, దాని కాగితాలు బ్యాంకులో పెట్టి పన్నెండు లక్షలు తీసుకున్నాడు. పదిహేనేళ్లు కట్టాలన్నారు. చేయి నొప్పి పుట్టేదాకా సంతకాలు చేయించారు. పక్కన చిన్నమ్మతో కూడా చేయించారు. ఆ లోను పత్రాల కట్టంతా ఇంగ్లీషు. ఆయన చదవగలిగినవి రెండే అంకెలు, నెలకు ఎంత, ఎన్నేళ్లు అన్నవి. ఆ రెండూ ఆయన తలలో పదిహేనేళ్ల చిట్టీలాగా కూర్చున్నాయి.

ఇంట్లో చేరిన నాడు పాలు పొంగించి, పరమాన్నం వండి పెట్టారు. అంతే. మా వైపు కొత్త ఇల్లు అంటే మేకో గొర్రో, యాట తెగాలి, ఊరంతా తినాలి. మా అమ్మ ఊరుకుంటుందా.

"ఏం మరిదీ, మా పండ్లూడినంక కోస్తవా యాటను?"

"ఊడనియ్యి వదినా, మెత్తగ ఉడికిపిస్త. అప్పు మీద యాటను కోస్తే మెతుకు దిగది. కాగితాలు ఇంటికొచ్చిన్నాడు కోస్త, నువ్వే ముందుగాల కూసో."

కోయలేదు గానీ, మేకులు మాత్రం కొట్టాడు. ఇంట్లో చేరిన వారం రోజులూ సుత్తి కింద పెట్టలేదు. చొక్కాకు ఒకటి, క్యాలెండరుకు ఒకటి, టేపుకు ఒకటి, కత్తెరకు ఒకటి. ఏమీ తగిలించని మేకులు కూడా నాలుగైదు ఉండేవి. ఇవెందుకు చిన్నాయినా అంటే, "ఉండనియ్యి, కొట్టబుద్ధయింది" అన్నాడు. అప్పుడు ఆయన ముఖం చూసి ఉంటే మీకూ ఒక సుత్తి పట్టుకోవాలనిపించేది.

కిస్తు అయిదో తారీఖున పడేది. ఆయన రెండో తారీఖు కల్లా ఖాతాలో వేసేవాడు. పండగ వచ్చినా అంతే, చిన్నమ్మకు ఆపరేషన్ అయిన నెలలోనూ అంతే. "తారీఖు తప్పితే తల ఎత్తలేం" అనేవాడు. ఆ మధ్య టీవీలో వడ్డీలు పెరిగాయని వార్తలు వచ్చినప్పుడు, ఆ వరుసలోని దుకాణాల వాళ్లు బెంగపడ్డారు. చిన్నాయిన మాత్రం టీ కొట్టు దగ్గర కాలు మీద కాలేసుకుని కూర్చున్నాడు.

"నా కిస్తు పైస పెరగలే. మా బ్యాంకు మంచిది."

ఎంత గొప్పగా చెప్పాడో. నిజమే, పైసా పెరగలేదు. వడ్డీ పెరిగినప్పుడు బ్యాంకువాళ్లు కిస్తు ముట్టుకోలేదు, గడువు సాగదీశారు. నెల నెలా కట్టే పన్నెండు వేల మూడు వందల యాభైలో మొదటి ఏళ్లలో ముప్పావు వంతు వడ్డీకే పోయేది. వడ్డీ పెరిగాక వంద రూపాయల్లో తొంభైకి పైగా వడ్డీకే పోయింది. తీసుకున్న అసలు మాత్రం కదలకుండా కూర్చుంది. పదిహేనేళ్లు కాస్తా ఇరవై నాలుగయ్యాయి. దానికి ఇంగ్లీషులో ఒక మెసేజ్ వచ్చే ఉంటుంది, సందేహం లేదు. కాగితంలో కూడా రాసే ఉంది. ఎవరూ అబద్ధం చెప్పలేదు. అబద్ధం చెప్పకుండా మనిషిని ఇంతగా నమ్మించవచ్చని నాకు అప్పటిదాకా తెలియదు.

పదిహేనేళ్లు నిండిన నెలలో బ్యాంకుకు నన్ను తోడు తీసుకుపోయాడు. ఇస్త్రీ చేసిన తెల్ల చొక్కా వేసుకున్నాడు. బ్యాంకువాళ్లకని కిలో పేడాలు కొన్నాడు. కాగితాలు పెట్టుకోవడానికి మిగిలిన గుడ్డతో ఒక సంచి కూడా కుట్టుకొచ్చాడు, దానికి బొందె వేసి మరీ. బల్ల వెనక ఒక కుర్ర ఆఫీసరు. మర్యాదస్థుడే. చిన్నాయిన పేడాల డబ్బా అతని ముందుకు జరిపి, కాగితాలు ఇయ్యున్రి సారూ అన్నాడు. ఆ అబ్బాయి కంప్యూటర్ చూసి, మళ్లీ చూసి, "అంకుల్, ఇంకా తొమ్మిదేళ్లు ఉంది కదా" అన్నాడు.

చిన్నాయిన నవ్వాడు. "వేరే ఎవలదో చూస్తున్నవ్ సారూ."

"మీదే అంకుల్. ఎనిమిది లక్షల డెబ్బై వేల దాకా ఉంది."

అప్పటికి ఆయన కట్టింది ఇరవై రెండు లక్షలు.

"నేను ఒక్క నెల తప్పిన్నా సారూ?"

"లేదంకుల్. ఒక్కసారి కూడా లేదు. అందుకే మీ ప్రొఫైల్ చాలా బాగుంది. కావాలంటే ఇంకో మూడు లక్షలు టాపప్ ఇస్తాం."

నేను కుర్చీలోంచి లేచాను. ఏం అన్నానో ఇక్కడ రాయను. ఆ అబ్బాయి పాపం ఓపికగా వివరించాడు. చిన్నాయినది పాత రేటు. ఆ తర్వాత లోను తీసుకున్నవాళ్లకు వడ్డీ తక్కువ. చిన్న ఫీజు కట్టి అర్జీ పెడితే ఈయనకూ ఎప్పుడో తగ్గేది.

"గా ముచ్చట నాకు ఎవలు చెప్పాలె సారూ?"

"వెబ్‌సైట్‌లో ఉంటుందంకుల్."

నిన్నగాక మొన్న వచ్చినవాడికి తక్కువ వడ్డీ, పదిహేనేళ్లు తారీఖు తప్పని వాడికి ఎక్కువ వడ్డీ. మా వైపు పాత గిరాకీకి దుకాణదారు ఒక గజం గుడ్డ ఎక్కువ కొలుస్తాడు. ఆ రోజే అర్జీ పెట్టించాను. గడువు తొమ్మిదేళ్ల నుంచి ఎనిమిదేళ్ల చిల్లరకు వచ్చింది. లేచి వచ్చేటప్పుడు, పేడాల డబ్బా చేతికివ్వబోయాడు ఆ అబ్బాయి. చిన్నాయిన తీసుకోలేదు. "ఉండనియ్యి సారూ. తెచ్చినంక మల్ల తీస్కపోతే బాగుండది" అన్నాడు.

బయటికొచ్చాక మెట్ల మీద కూర్చున్నాడు. నేను నీళ్లు తెచ్చి ఇచ్చాను. తాగి, నన్ను అడిగాడు.

"డెబ్బయ్యేండ్లకు మిషను తొక్కుతనా బిడ్డా?"

ఆ తర్వాత ఆయన ఆ ఇంట్లో ఒక్క మేకు కొట్టలేదు. నేను కొనిచ్చిన గోడ గడియారం బల్ల మీద గోడకు ఆనించే ఉండిపోయింది. సుత్తి అందించబోతే వద్దన్నాడు. "గోడ వాళ్లది బిడ్డా, పాడు చేసుడెందుకు" అన్నాడు. అది ఎకసెక్కం కాదు. నిజంగానే అన్నాడు. సొంత ఇంట్లో మళ్లీ కిరాయివాడయ్యాడు.

అలాగని నోరు మూసుకుని కూర్చోలేదు. బట్టలు కుట్టించుకోవడానికి ఎవరొచ్చినా, మెడ చుట్టూ టేపు వేసుకునే ముందు ఇల్లు కట్టారా, లోను ఉందా అని అడిగేవాడు. ఉందంటే వాళ్ల పని అయిపోయినట్టే. "కిస్తెంత అని అడుగుడు కాదు. ఇంకెన్ని నెలలున్నయో అడుగున్రి. ఏడాదికొకసారి పోయి అడుగున్రి. వాళ్లు విసుక్కుంటరు, విసుక్కోనియ్యున్రి." కొందరు విన్నారు. కొందరు జాకెట్ ముక్క తీసుకుని ఇంకో టైలర్ దగ్గరికి పోయారు. ముసలాయనకు లోను పిచ్చి పట్టిందని నవ్వారు కూడా.

నేను విన్నాను. అప్పటికి మా ఇంటి లోను మూడో ఏట ఉంది. బోనస్ వస్తే ఫ్రిజ్ మారుద్దామనుకుంటుంటే, ఆయన వచ్చి మా గుమ్మంలో కూర్చున్నాడు. పాత ఫ్రిజ్ నీళ్లు చల్లబెడుతుందా లేదా అని అడిగాడు. పెడుతోంది అన్నాను. "మరి గా పైసలు అసలుల కొట్టు. ముందుగాల కట్టింది ఏరుకు తగుల్తది బిడ్డా, ఎనుక కట్టింది ఆకుకు తగుల్తది." ఆ ఏడూ, ఆ తర్వాత ఏడూ అలాగే చేశాం. మా లోను గడువులో ఆరేళ్లు ఎగిరిపోయాయి. ఆ ఆరేళ్లు ఆయన ఇచ్చినవే. ఆయన లోను కొత్తలో ఆయనకు ఇలా చెప్పేవాళ్లు మాత్రం లేకపోయారు.

పదకొండో దినం నాడు యాటను కోశాం. ఆ ఇంట్లో తెగిన మొదటి యాట అదే. మా అమ్మ విస్తరి ముందు కూర్చుని, ముద్ద చేతిలో పట్టుకుని, తినలేక లేచిపోయింది.

దినాలయ్యాక చిన్నమ్మతో బ్యాంకుకు పోయాను. లోనుకు బీమా ఉందని నాకు గుర్తు. ఉంది. లోను ఇచ్చిన రోజే ప్రీమియం పట్టుకున్నారు, దాన్ని కూడా లోనులోనే కలిపారు, అంటే ఆ బీమాకు కూడా ఆయన వడ్డీ కట్టాడు. అయితే బీమా గడువు పదిహేనేళ్లే. లోను సాగింది, బీమా సాగలేదు. ఆయన రెండేళ్ల ముందు చచ్చిపోయి ఉంటే చిన్నమ్మకు ఇల్లు దక్కేదన్నమాట. ఈ వాక్యం రాయడానికి నాకు చేతులు రావడం లేదు, కానీ లెక్క అదే. ఇప్పుడు బాకీ ఏడు లక్షల పైన. పక్కన సంతకం పెట్టింది కాబట్టి అదంతా చిన్నమ్మదే. కిస్తు తగ్గించాలంటే గడువు పెంచాలట, ఆమె వయసుకు అది కుదరదట. సాగదీయడానికి ఇన్నేళ్లు ఎవరినీ అడగని వాళ్లకు ఇప్పుడు వయసు అడ్డొచ్చింది.

మా ఇంటికి రమ్మన్నాను. చిన్నమ్మ వినలేదు. "అమ్ముడో, ఉంచుకునుడో, ముందుగాల ధర తెలవాలె" అంది.

కిందటి వారం బ్యాంకు తరఫున ఇంటికి విలువ కట్టే మనిషి వచ్చాడు. ఒక్కడే వచ్చాడు. వాకిలి, వంటగది, వెనక బాత్రూమ్ అన్నీ ఫోటోలు తీసుకున్నాడు. చిన్నమ్మ ఆయన వెనకే తిరుగుతూ, ఈ గచ్చు మళ్లీ చేయించాం, ఈ తలుపు టేకుది అని ఒక్కొక్కటీ చూపించింది. ఆఖరికి అడిగింది.

"ఎంత పలుకుతది సారూ?"

ఆయన ఉజ్జాయింపుగా ఒక ధర చెప్పాడు.

"గిండ్ల మాదెంత, బ్యాంకుదెంత?"

"అది బ్రాంచిల చెప్తరమ్మా" అన్నాడు ఆయన. చెప్పి, ముందు గది కొలవడానికి టేపు తీశాడు. పట్టుకునేవాళ్లు లేక, దాని కొస చిన్నమ్మ చేతికిచ్చి, గోడకు ఆనించి పట్టుకోమన్నాడు. ఆమె రెండు చేతులతో గట్టిగా అదిమి పట్టింది. ఆయన వెనక్కి నడుచుకుంటూ అవతలి గోడ దాకా పోయాడు. గది మధ్యలో టేపు బిగుసుకుంది. నేను వంటింట్లోంచి టీ తెస్తూ దాని కిందినుంచి వంగి రావలసి వచ్చింది. ఆయన కొలత చూసుకుని, ఫోన్లో రాసుకుని, ఇక వదిలేయండమ్మా అన్నాడు. చిన్నమ్మకు వినబడినట్టు లేదు. గోడవైపు తిరిగి, బొటనవేళ్లు తెల్లబడేలా ఆ కొసను అలాగే అదిమి పట్టుకుని నిలబడింది.