ఠీక్ హై అన్నన్నాళ్లూ

నాకు కోపం ఎక్కువ, అబద్ధం తక్కువ అని చెప్పుకు తిరిగేవాణ్ణి. అందులో రెండో ముక్క వట్టిదని నలభై ఆరో ఏట తెలిసింది.

అప్పటికి హిందీ మాట్లాడే బచేలి ఊళ్లో కంపెనీ క్వార్టరులో ఉంటూ, కొండ మీది ఇనుప గనిలో రాయి మోసే డంపర్ లారీ నడపబట్టి పంతొమ్మిదేళ్లు. ఒక వానాకాలం జ్వరం వచ్చి పోయింది. దాంతో వచ్చిన నీరసం మాత్రం పోలేదు. పొద్దున్నే పళ్లు తోముకుని మళ్లీ పడుకునేవాణ్ణి. ఎంత నిద్రపోయినా అలసట తీరేది కాదు. విశాఖ రైలెక్కి వెళ్తే అక్కడి డాక్టరు దాన్ని క్రానిక్ ఫటీగ్ సిండ్రోమ్ అన్నాడు. రోజూ కాస్త నడవమని, వారం వారం కొంచెం పెంచుకుంటూ పొమ్మని కాగితం రాసిచ్చాడు.

నాకు కావలసింది ఒక్కటే, మళ్లీ డంపర్ ఎక్కడం. ఆ కాగితం పట్టుకుని బజారు వెనక గదిలో ఫిజియోథెరపీ చేయించే అమ్మాయి దగ్గరికి వెళ్లాను. మన తెలుగు పిల్లే, ఇక్కడే పుట్టి పెరిగింది. మొదటి వారం అయిదు నిమిషాలు, రెండో వారం ఏడు, అలా చార్టు గీసింది.

"అంకుల్, పక్కా చెప్పాలి. నడిచిన రోజు సంగతి కాదు, ఆ మర్నాడు, మూడోనాడు ఎలా ఉందో చెప్పండి. తేడా ఉంటే వెంటనే తగ్గించేద్దాం" అంది.

ప్రతి సోమవారం అడిగేది. ప్రతి సోమవారం "ఠీక్ హై బేటీ" అనేవాణ్ణి, అంతా బాగానే ఉందని.

మా గనిలో పనిచేసినవాళ్లకి ఇది వేరే చెప్పక్కర్లేదు. పై అధికారి "కైసా హై" అని ఒంట్లో ఎలా ఉందో అడిగితే "ఠీక్ హై" అనడం మాకు అలవాటు కాదు, ఒంట్లో ఉన్న గుణం. నడుం నొప్పి అన్నవాణ్ణి లైట్ డ్యూటీ పేరుతో స్టోర్లో కూర్చోబెట్టేవారు. అలా వెళ్లినవాణ్ణి మేం "ఏం తాతయ్యా" అని పిలిచి ఏడిపించేవాళ్లం. ఆ పిలుపు మొదలెట్టిన మహానుభావుణ్ణి నేనే. వైద్యుడి దగ్గరా వకీలు దగ్గరా అబద్ధం ఆడకూడదని చిన్నప్పటినుంచీ వింటూనే ఉన్నాను, చెవికెక్కితేగా!

నా ఠీక్ చూసుకుని ఆ పిల్ల నిమిషాలు పెంచుకుంటూ పోయింది. నేను నడిచి వచ్చి, గది తలుపు వేసుకుని, వెలుతురు కూడా భరించలేక తువ్వాలు కళ్ల మీద వేసుకుని పడుకునేవాణ్ణి. మా ఆవిడ అడిగితే ఆమె మీద అరిచేవాణ్ణి. చార్టులో ఇరవై అయిదు నిమిషాలు వచ్చిన రోజు బజారు ఎత్తు ఎక్కి, దిగి, మీసం మెలేశాను. మర్నాడు బాగానే ఉంది. మూడోనాడు చెంచా ఎత్తలేకపోయాను. నెల పైగా మంచం మీదే ఉన్నాను. అన్నం మా ఆవిడే తినిపించింది.

"ఏమండీ, ఆ పిల్లని ఇంటికి రమ్మన్నాను. మీరు చెప్తారా, నన్ను చెప్పమంటారా?" అంది ఒకరోజు.

ఆ పిల్ల వచ్చి మంచం పక్కన కూర్చుని ఎప్పటిలాగే ఎలా ఉందని అడిగింది. పాత మాటే నాలిక చివరిదాకా వచ్చింది. మా ఆవిడ ముఖం చూసి మింగేశాను.

"బాగాలేదమ్మా. రెండో వారం నుంచే బాగాలేదు."

ఆ పిల్ల ముఖం ఎర్రబడింది. "అప్పుడే చెప్పుంటే అప్పుడే ఆపేసేదాన్ని కదా అంకుల్! మీ మాట నమ్మి నా చేతులతో నేనే మిమ్మల్ని పడగొట్టాను" అని ఏడ్చేసింది. సిగ్గుతో ముఖం గోడవైపు తిప్పుకున్నాను. ఆ పిల్ల చార్టు అక్కడే చింపేసింది. ఇక పెంచడాల్లేవు, అలసట రాకముందే ఆగడమే పని అంది.

పెంచుకుంటూ నడవడం ఎవరికైనా కలిసొస్తే మంచిదే, నేను కాదనను. నా ఒంటికి మాత్రం పడలేదు. వరండాలో రెండు నిమిషాలు నడిచి, ఇంకా నడవగలను అనిపిస్తుండగానే కుర్చీలో కూర్చోవడం నేర్చుకున్నాను. కొండ మీద లోడు బండి దింపడం దీనికంటే సులువు. ఏడాదికి స్నానం, భోజనం, గంటసేపు కబుర్లు నా చేతిలోకొచ్చాయి. ఇప్పుడు నా ఒంటి సంగతి నాకు తెలిసినంతగా ఏ డాక్టరుకీ తెలియదని ధైర్యంగా చెప్తాను.

కానీ మధ్యమధ్య బుర్ర మొద్దుబారేది, ఎదుటివాడి మాట సగంలో తప్పిపోయేది. అలాంటి బుర్రతో ఆ కొండ రోడ్డు మీద డంపర్ నడిపితే కింద జీపులో వచ్చేవాళ్లేమవుతారు? నాలుగు రోజులు అదే ఆలోచించి దరఖాస్తు రాశాను. డంపర్ నడపలేను, కూర్చునే పని ఏదైనా, అదీ సగం పూటే ఇప్పించండని.

ఆఫీసరు రెండుసార్లు చదివాడు. డంపర్ వాళ్లెవరూ తమంతట తాము ఇలా రాసివ్వలేదట. "ఇది ఎవరైనా రాయించారా?" అని అడిగాడు.

నేనే రాశానన్నాను. ఈసారి మాట మార్చలేదు.