ఖాళీ క్లినిక్‌లో కూర్చున్నవాళ్లు

ఆ ఉదయం టీ తాగుతూ చూస్తే వంటింటి తలుపు చట్రం నడుమ దగ్గర వంగి ఉంది. పాత ఇల్లు, దానికీ నడుంనొప్పి వచ్చిందేమో అనుకున్నాను. కుడి కన్ను మూసి చూస్తే తలుపు మధ్యలో బూడిదరంగు మచ్చ.

జర్మనీలో కాట్‌బస్ పట్నానికి దూరంగా చిన్న పల్లె మాది. వరంగల్ నుంచి ఉద్యోగానికొచ్చి, రిటైరయ్యాక నేనూ నా భార్య సుగుణా ఇక్కడ చేరాం. ఊళ్లో ఉన్న ఒక్క డాక్టరూ రిటైరయ్యాడు, ఆ క్లినిక్‌లోకి మరొకరు రాలేదు. పట్నంలోని కంటి డాక్టరుకు ఫోన్ చేస్తే, రిసెప్షన్‌లో ఆమె అర్జెంటా అని అడిగింది. డెబ్బై ఏళ్లుగా పెంచి పోషించిన మొహమాటం నాచేత "అబ్బే, తొందరేం లేదు" అనిపించింది. ఐదు నెలల తర్వాతకి టెర్మిన్, అంటే అపాయింట్‌మెంట్, ఇచ్చింది. థాంక్స్ కూడా చెప్పాను.

మచ్చ పెరిగింది. మూడో నెలలో కుడి కంటికీ తిన్నని గీతలు వంగి కనిపించాయి. తర్వాత మనుషులు రావడం మొదలైంది. పట్టపగలు, పెరట్లో, పాతకాలపు టోపీలతో, చప్పుడు లేకుండా నిలబడేవాళ్లు. యమదూతలైతే ఇంత ఓపిక ఉండదులే అనుకుని సుగుణకు చెప్పలేదు.

ఒకరోజు ఇద్దరం బస్టాపులో ఉన్నాం. ఎదురుగా మూతబడిన క్లినిక్. దాని కిటికీలో ఏడెనిమిది మంది, మోకాళ్ల మీద చేతులు పెట్టుకుని, వరసగా కూర్చుని నావైపే చూస్తున్నారు.

"కొత్త డాక్టరొచ్చినట్టుండు. చూడు, ఎంతమంది ఉన్నరో," అన్నాను.

సుగుణ వెళ్లి అద్దానికి ముఖం ఆనించి చూసింది. ఆమె నీడ వాళ్ల మీద పడింది. ఒక్కరూ కదల్లేదు.

"లోపట కుర్చీలు గూడా లేవు," అంది తిరిగొచ్చి, మెల్లగా. "ఎప్పటిసంది కనిపిస్తున్నరు మీకు?"

అంతా చెప్పేశాను. ఆమె అక్కడే కంటి డాక్టరుకు ఫోన్ చేసి, మా ఆయన చూపు పోతోంది, రెండో కన్నూ మొదలైంది అని జర్మన్‌లో చెప్పింది. మర్నాడే రమ్మన్నారు.

డాక్టరమ్మ కంటి వెనక పొరను తీసిన ఓసీటీ స్కాన్ చూసి, వెట్ మాక్యులర్ డీజెనరేషన్, ఆ పొర నడిమి భాగం దెబ్బతినే జబ్బు అంది. "మీకు మతి పోలేదు. కన్ను చూపించలేని చోట మెదడు బొమ్మలు వేసుకుంటోంది. ఎడమ కంటికి ఆలస్యమైంది. కుడిదాన్ని ఇంజెక్షన్లతో కాపాడదాం."

కంట్లో సూది అనగానే నా ధైర్యమంతా సుగుణ చేతిని నలిపేసింది. ఒకసారి బస్సు రద్దయి ఇంజెక్షన్ మూడు వారాలు వెనకబడితే గీతలు మళ్లీ వంగాయి. అప్పటినుంచి పక్కింటి పెద్దావిడ తన కారులో తీసుకెళుతోంది.

ఏడాదైంది. కుడి కన్ను నిలిచింది. ఎడమ కంటితో సుగుణ ముఖం చూడాలంటే ఆమె చెవి పక్కకు చూడాలి. ఓరచూపు నాకు ఈ వయసులో పట్టుబడింది. టోపీలవాళ్లు ఇంకా వస్తుంటారు. రెప్పలు గట్టిగా ఆర్పితే వెళ్లిపోతారు, అందరూ కాదు.

వారానికోసారి ఒక్కో కన్నూ మూసి కిటికీ చట్రం చూడండి. వంకర కనిపిస్తే ఆరోజే ఫోన్ చేయండి. నమస్కారం కన్నా ముందు "నాకు చూపు పోతోంది" అనండి.