మా ఇంట్లో దాటేసే పద్యం

చింతామణి కాలేజీలో పాఠాలు చెప్పే కుర్రవాడొకడు పోయిన వారం మా ఇంటికి వచ్చాడు. సాహిత్యం ఎందుకు చదవాలో పిల్లలకు నాలుగు మాటలు చెప్పమన్నాడు. ఆలోచించి చెబుతానని పంపేశాను. అడిగిన వెంటనే ఒప్పుకోవడం మా వంశంలో లేదు. కానీ అప్పటినుంచి ఒకచోట కూర్చోలేకపోతున్నాను. వసారాలో ఈ కొసనుంచి ఆ కొసకు తిరగడం, కలం మూత తీయడం, మళ్ళీ పెట్టడం. ఆ ప్రశ్నకు నాకు తెలిసిన జవాబు ఒక్కటే. అది నాలుగు మాటల్లో ఇమడదు. దానికి మా మేనత్త కావాలి, మా ముత్తాత కావాలి, బొగ్గుతో నడిచే బస్సొకటి కూడా కావాలి.

మాది మైసూరు సీమలో బాగేపల్లి పక్కన తెలుగు పల్లె. ఒకప్పుడు మా గుమ్మం ముందు నడిచేవాళ్ళు గొంతు తగ్గించి మాట్లాడేవారట. నాకు ఊహ తెలిసేసరికి ఆ గుమ్మమే మిగిలింది. దాని వెనుక ఇల్లు సగం కూలిపోయింది. పొలాలు పోయాయి, ఎద్దులు పోయాయి, మా నాన్న వీపు మాత్రం వంగలేదు. తలపాగాలో చిరుగును లోపలికి మడిచి కట్టుకునేవాడు. ఆ మడత కుదిరేదాకా ఆయన గదిలోకి ఎవరూ పోకూడదు. చెప్పుకోవడానికి మాకు మిగిలింది ఒక తాటాకుల పుస్తకం. మా ముత్తాత ఆశ్రయంలో ఉన్న కవి ఆయన మీద రాసిన కావ్యం అది. అచ్చు కాలేదు. ఏటా ఉగాదికి పంచాంగం విన్నాక దాన్ని ఇంట్లో గట్టిగా చదవడం ఆచారం. ఒక చోటికి రాగానే చదివేవాడు రెండు ఆకులు కలిపి తిప్పేవాడు. ఆ దాటేసిన ఆకు మీద ఉన్నది ఒకే పద్యం. వానలో చెరువు కట్ట తెగితే ముత్తాత కూలివాళ్ళ వరుసలో నిలబడి మన్ను తట్ట తలకెత్తుకున్నాడనీ, బురద నీళ్ళు మీసాల మీదుగా కారుతుంటే తుడుచుకోవడానికి చెయ్యి ఖాళీ లేదనీ అందులో ఉంది. మా పెద్దల్లో ఎవరికో అది పరువుతక్కువగా తోచింది. రహస్యమేమీ లేదు, పద్యం ఇంటిల్లిపాదికీ తెలుసు. చదవము, అంతే.

మా మేనత్త నాన్నకు అక్క. చిన్నతనంలోనే భర్త పోతే పుట్టింటికి వచ్చేసింది. చింతపండు పొట్లం కట్టిన కాగితంతో సహా చేతికందిన ప్రతిదీ చదివేది. చదివి ఊరుకునే మనిషి కాదు. చేటలో కందులు చెరుగుతూ, రాళ్ళు ఏరిపారేసినంత సులువుగా పద్యాలనూ ఏరిపారేసేది.

రెండో ప్రపంచ యుద్ధం రోజుల్లో, పెట్రోలు దొరక్క బస్సులు బొగ్గు మీద నడుస్తున్నప్పుడు, నేను చిక్కబళ్ళాపురంలో హైస్కూలు ముగించి ఇంట్లో ఉన్నప్పుడు, చింతామణిలో ఒక సభ పెట్టారు. పాత ఇళ్ళవాళ్ళు తమ దగ్గరున్న అచ్చుకాని కావ్యాలు చదవాలి, పండితులు మంచిచెడ్డలు చెప్పాలి. అంతకు ముందటేడు అలాంటి సభలోనే ఒక ఇంటివాళ్ళ కావ్యం విని జనం నవ్వారు. ఆ ఇంటి పెద్ద మళ్ళీ చింతామణి సంతలో కనబడలేదు. నాన్న దగ్గు మనిషి కాబట్టి చదవవలసినవాణ్ణి నేను. మిగిలిన ఒక్క పరువూ నా గొంతు మీద పెట్టి, ఆయన రోజూ నాచేత చదివించాడు.

"ఏనుగుల మదజలంతో మన ఈది బురదయిందంటనా?" అంది అత్త ఒకరోజు, చేట దించకుండానే. "మనూర్లో ఏనుగు యాడుండాదప్పా? దేవళం గోడ మీద బొమ్మ కూడా లేదే."

"కావ్యమంటే అట్లే ఉంటాదక్కా," అన్నాడు నాన్న.

"ఉంటాది, ఉంటాది. ఆ ఏనుగులు ఎవురింటి ముందరైనా కట్టేయొచ్చు. దీంట్లో మన తాత యాడుండాడో చూపించు. ఆ దాటేసే పద్యంలో తప్ప ఇంగ యాడా లేడు. ఆ కవి మిగతాదంతా మన తిండి తిని రాసినాడు. అదొక్కటే కండ్లతో చూసి రాసినాడు."

నాన్న లేచి నిలబడ్డాడు. "మన తాత మన్ను మోసినాడని చింతామణిలో చాటించమంటావా? 'అప్పుడూ ఇంతేనా మీ బతుకు' అంటారు. ఇప్పుడు మనకుండేదేమి, ఆ పేరొక్కటే కదా?"

"పేరుండాది లే. మనిషే లేడు," అని అత్త చేట తట్టింది.

రెండాకులూ కలిపి తిప్పాలని నాన్న నాకు ఆజ్ఞ వేశాడు.

సభలో తాలూకా అధికారి అమల్దారుగారు కుర్చీలో, పండితులు చాపల మీద, నాన్న ముందు వరుసలో తలపాగా కదలకుండా కూర్చున్నారు. నేను మొదలుపెట్టాను. ఏనుగులు వచ్చాయి, పాలసముద్రం వచ్చింది, కల్పవృక్షం వచ్చింది. జనం కాళ్ళు మార్చుకుని కూర్చోసాగారు. ఎవరో వక్కాకు కోసం బయటికి పోయారు. కన్నడ మేష్ట్రు ఒకాయన గొడుగు తీసుకుని లేచాడు. నా మెడ మీద చెమట. ఆ చోటు వచ్చింది. అలవాటుగా రెండాకులూ వేళ్ళ మధ్యకు వచ్చాయి. నాన్న వైపు చూస్తే ఆయన తన చెప్పుల వైపు చూస్తున్నాడు. నా వేళ్ళు ఒక్క ఆకునే తిప్పాయి.

చదివాను. భయంతో గబగబా చదివాను. సభ మెసలడం మానేసింది. మేష్ట్రు లేచినచోటే గొడుగు ఆనించుకుని నిలబడిపోయాడు. పక్కనుంచి ఎవరో, "అట్లయితే మీరూ మన్ను మోసినోళ్ళేనా!" అని నవ్వబోయాడు.

వెనకనుంచి ఒక ముసలి రైతు గొంతు లేచింది. "మోసినాడు గాబట్టే కట్ట నిలిచింది. నువ్వు కూచో. అప్పా, ఆ పద్యం ఇంగొకసారి చదువు."

మళ్ళీ చదివాను. పండితులు తరువాత చాలాసేపు మాట్లాడారు. ఏనుగుల ఊసు ఎవరూ ఎత్తలేదు.

సభ ముగియగానే నాన్న బస్సెక్కి కిటికీ వైపు తిరిగి కూర్చున్నాడు. ఆయన నవ్వితే బాగుండును, తిడితే ఇంకా బాగుండును అనిపించింది. బొగ్గు బస్సు ఒక మిట్ట ఎక్కలేక ఆగిపోయింది. అందరూ దిగి తొయ్యండని కండక్టరు అరిచాడు. అలాంటప్పుడు నాన్న ఎన్నడూ సీటు వదిలేవాడు కాదు. కండక్టర్లు కూడా ఆయన్ని అడిగేవారు కారు. ఆ రోజు దిగాడు. నా పక్కన రెండు చేతులూ బస్సు వెనకభాగానికి ఆనించి తోశాడు. మసి చెమటలో కలిసి మీసం మీదికి దిగింది.

"మూడో పాదం చెడగొడితివి," అన్నాడు, ఆయాసపడుతూ. "ఆడ అట్ల పరిగెత్తకూడదు. తల మీద తట్ట బరువుగా ఉండాది కదా. నిదానంగా చదవల్ల." అని, బస్సును తోస్తూనే, ఆ పద్యం మొదటినుంచి చివరిదాకా ఆకు చూడకుండా చెప్పాడు. ఇంట్లో ఆయన నోట ఒక్కసారైనా వినని పద్యం అది.

ఇంటికి వచ్చాక అత్తకు చెప్పాను. "వానికి నాకంటే బాగా తెలుసు లేప్పా," అంది, అంతే. ఆ మరుసటి ఉగాదికి నాన్నే చదివాడు. ఒక్కొక్క ఆకే తిప్పాడు.

అత్త లేదు, నాన్న లేడు, ఆ తాటాకులను చెదలు తిన్నాయి. చెరువులో ఇప్పుడు నీలగిరి చెట్ల తోపు ఉంది. కాలేజీ కుర్రవాడికి వస్తానని కబురు పంపుతాను. నిదానంగా చదవండని చెప్పి, ఆ పద్యం చెప్పి కూర్చుంటాను. ఇన్నేళ్ళలో కాలం మా ఇంటినుంచి దించగలిగినవన్నీ దించేసింది గానీ, ముత్తాత తల మీది ఆ తట్టను మాత్రం దించలేకపోయింది.